ఇరవై మూడు ప్రశ్నార్థకాలు

ఆ రోజుకి ఎసెన్‌కుల్ వేసుకున్న పథకం చాలా తేలికైనది. తొమ్మిదింటికి కంప్యూటర్ క్లబ్బుకి వెళ్లి గుర్తులు నేర్చుకోవాలి. పదకొండింటికి తీర్పు చెప్పాలి. ఒంటిగంటకల్లా తన ఏడు గొర్రెలకి రంగు పూయాలి. ఆ పైన గోడకి చేరగిలబడి చల్లగా కుమిస్, అదే పులిసిన గుర్రప్పాలు, తాగాలి.

భార్య కలిపాకి ఈ వరస నచ్చలేదు.

"ముందు గొర్రెల పని చూడు, ముసలాయనా," అంది టీ గిన్నె ఆయన ముందుకి తోస్తూ. "తెల్లారితే మంద కొండెక్కుతుంది. అబ్దిల్దా దొడ్లో నాలుగొందల గొర్రెల మధ్య మన ఏడూ ఒంటి మీద రంగుచుక్క లేకుండా తిరుగుతున్నాయి. తప్పిపోతే ఎవరివని చెప్పుకుంటావ్?"

"నా గొర్రెల్ని ఈ ఊళ్లో పోల్చుకోలేనివాడు ఎవడే? మొహం చూస్తే చాలదూ?"

"ఆ మొహాలు నీకు తెలుసు. ఊరంతా పశువుల డాక్టర్లేనా?"

"తీర్పు ముందు. గొర్రెలు తర్వాత," అని కల్పాక్ నెత్తిన పెట్టుకుని లేచాడు ఎసెన్‌కుల్. తెల్ల ఉన్నితో కుట్టిన ఆ పొడుగు టోపీ నెత్తికెక్కాక ఆయన మాట వెనక్కి తీసుకోడు. ఆ సంగతి కలిపాకి నలభై రెండేళ్లుగా తెలుసు. అందుకే రంగు డబ్బా తీసి గుమ్మంలో, ఆయన కాలికి తగిలేలా పెట్టింది. ఎసెన్‌కుల్ డబ్బా దాటుకుని వెళ్లిపోయాడు.

ఆయనకి అరవై ఎనిమిదేళ్లు. ముప్పై నాలుగేళ్లు నారిన్ కొండల్లో పశువైద్యం చేసి, తొమ్మిదేళ్లుగా కోక్‌దోబో ఊరి పెద్దల కోర్టుకి అధ్యక్షుడుగా ఉన్నాడు. కంచె జరిగిందని, నీళ్ల వంతు దాటిందని, కుక్క కరిచిందని వచ్చే తగాదాలన్నీ ముగ్గురు పెద్దలు కూర్చుని తేలుస్తారు. తీర్పు నచ్చనివాళ్లు జిల్లా కోర్టుకి పోవచ్చు. తొమ్మిదేళ్లలో నూట పన్నెండు తగాదాలు తీరాయి, ఒక్కటీ జిల్లాకి పోలేదు. చుట్టుపక్కల ఊళ్ల పెద్దలు ఆయన్ని చూసి కళ్లలో నిప్పులు పోసుకునేది దీనికే.

నూట పదమూడోది మాత్రం గొంతులో ముల్లులా దిగబడింది.

షార్షెన్, అబ్దిల్దా ముప్పై ఏళ్లుగా పక్కపక్కన గుడారాలు వేసుకుని ఎండాకాలమంతా ఒకే కొండ మీద గొర్రెలు మేపుతున్నారు. బయల్దేరే ముందు రెండు మందల్నీ అబ్దిల్దా దొడ్లోనే కలుపుతారు. షార్షెన్ గొర్రెల నడుం మీద ఎర్రరంగు, అబ్దిల్దా గొర్రెల మీద నీలిరంగు. షార్షెన్ కొడుకు ఎర్నిస్, అబ్దిల్దా కొడుకు మిర్లాన్. ఇద్దరికీ ఇరవై రెండేళ్లు. చిన్నప్పుడు ఒకే బెంచీ, ఇప్పుడు ఒకే ఆట. కంప్యూటర్లో అయిదుగురు ఒక జట్టుగా చేరి, ఎక్కడో కూర్చున్న మరో అయిదుగురితో తలపడే యుద్ధం అది. కిందటి శుక్రవారం ఆ యుద్ధంలో ఎర్నిస్ చచ్చిపోయాడు. పడి ఉన్న అతని శవం మీద సొంత జట్టువాడు మిర్లాన్ ప్రశ్నార్థకం గుర్తు పెట్టాడు. ఒకసారి కాదు, పదకొండుసార్లు. ఎర్నిస్ లేచాడు. ఆటలో కాదు, కుర్చీలోంచి. లేచి, మిర్లాన్ కీబోర్డు మీద సీసాడు కుమిస్ కుమ్మరించాడు.

అప్పట్నించి తండ్రులిద్దరికీ మాటల్లేవు. "నా కొడుకుని అవమానించినవాడి ఇంటి పక్కన గుడారం వెయ్యను. తీర్పు సరిగ్గా రాకపోతే నా ఎర్రగొర్రెల్ని విడదీసుకుని వేరే కనుమ మీంచి పోతా. ఆ పైన జిల్లా కోర్టుకీ పోతా," అని షార్షెన్ పదిమందిలో చెప్పాడు. ఆ వేరే కనుమలో జూన్ నెలలో కూడా మంచుపెళ్లలు విరిగిపడతాయి. ఒక్క మనిషి నూట తొంభై గొర్రెల్ని అటు తోలుకుపోతే సగం మిగలవు.

నిన్న మొదటిసారి విచారణ జరిగింది.

"ప్రశ్నే కదా అడిగాను, ఆతా! అడగడం కూడా నేరమేనా?" అన్నాడు మిర్లాన్. ఊళ్లో పెద్దాయనని ఆతా అనే పిలుస్తారు.

"శవాన్నా అడిగేది?" అని అరిచాడు ఎర్నిస్.

ముగ్గురు పెద్దల్లో చిన్నది తుర్సున్‌కాన్, బళ్లో లెక్కలు చెప్పి రిటైరైన మనిషి. "నలభై ఏళ్లు నేనూ పిల్లల్ని ప్రశ్నలే అడిగాను. ఎవరూ నా మీద కుమిస్ పోయలేదు," అంది. మూడో పెద్ద జోల్చు కునుకులోంచి కళ్లు తెరిచి, "ప్రశ్న ప్రశ్నే. కొట్టెయ్," అని మళ్లీ కళ్లు మూశాడు.

అప్పుడు ఎర్నిస్ అడిగాడు ఆ మాట. "ఆతా, అసలు ఆ గుర్తుకి అర్థమేమిటో మీ ముగ్గురిలో ఒక్కరికైనా తెలుసా?"

ఎసెన్‌కుల్‌కి తెలియదు. తెలియని జబ్బుకి ఆయన జన్మలో సూది వెయ్యలేదు. "రేపు పదకొండింటికి, క్లబ్బులో," అని కాగితాలు మడిచేశాడు.

ఇవాళ తొమ్మిదింటికి, క్లబ్బు నడిపే కన్‌షాయిమ్ తలుపుకి ఇటుక అడ్డం పెట్టి బార్లా తెరిచింది. లోపల పది యంత్రాలు వేడిగా ఊపిరి వదులుతున్నాయి.

"నిజంగానే నేర్చుకుంటారా, ఆతా? నన్ను సాక్షిగా పిలిచి అడిగితే సరిపోయేదిగా."

"నువ్వు చెప్పింది విని నేను తీర్పిస్తే అది నీ తీర్పవుతుంది, తల్లీ. నేనే చూడాలి."

ఆమె ఆయన్ని మూలనున్న యంత్రం ముందు కూర్చోబెట్టింది. శుక్రవారం నాటి యుద్ధం మొత్తం మిర్లాన్ ఖాతాలో రికార్డయి ఉంది. సాక్ష్యం కోసమని అతను పొద్దున్నే వచ్చి ఖాతా తెరిచి ఇచ్చి, తండ్రికి సాయంగా దొడ్డికి వెళ్లిపోయాడు.

"ఇదిగో, ఈ మీట నొక్కి పట్టుకుంటే ఒక చక్రం తెరుచుకుంటుంది. నాలుగు గుర్తులు. పైన త్రికోణంలో ఆశ్చర్యార్థకం ఉందే, అది ప్రమాదం. కుడివైపు జెండా, నేనొస్తున్నా అని. కింద చెయ్యి, సాయానికి రండి అని. ఎడమవైపు ప్రశ్నార్థకం. ఇక్కడుండాల్సిన శత్రువు కనబడటం లేదు, జాగ్రత్త అని."

ఎసెన్‌కుల్ నోటుబుక్కులో నాలుగూ బొమ్మలతో సహా గీసుకున్నాడు. "మరి ఇందులో తిట్టు ఎక్కడుంది?"

"సొంత జట్టువాడి శవం మీద పెడితే దానర్థం వేరు."

"ఏమిటా వేరు?"

కన్‌షాయిమ్ కిటికీలోంచి బయటికి చూసింది. "పెద్దవాళ్ల ముందు చెప్పే మాట కాదు, ఆతా."

"ఒకసారి పెట్టినా తిట్టేనా? పదకొండుసార్లు పెడితేనా?"

ఆమె ఆలోచించింది. "ఒకసారికి ఎవరూ పట్టించుకోరు. పదకొండంటే... మధ్యలో ఎక్కడో మారిపోతుంది."

"ఎక్కడ?"

"నాకేం తెలుసు, ఆతా! ఎవరూ లెక్కపెట్టలేదు."

ఎసెన్‌కుల్ ఆ వాక్యం కింద రెండు గీతలు గీశాడు. తగాదా ముడి ఎక్కడుందో ఆయనకి దొరికింది. ప్రశ్న ఎన్నోసారికి తిట్టవుతుంది? అది తేలితే తీర్పు దానంతటదే వస్తుంది.

కన్‌షాయిమ్ గడియారం చూసి చటుక్కున లేచింది. కుమిస్‌లో మునిగిన కీబోర్డుకి బదులు కొత్తది నారిన్ నుంచి వ్యాన్లో వస్తోంది. "పది నిమిషాల్లో వచ్చేస్తా. ఈ మూలనున్న త్రికోణం, కుడికి తిరిగి ఉందే, అది నొక్కండి, శుక్రవారం ఆట మొదలవుతుంది. ఇంకేదీ ముట్టుకోకండి."

ఎసెన్‌కుల్ త్రికోణం నొక్కాడు. ఏమీ జరగలేదు. ముసలి యంత్రం ఆలోచనలో పడింది. ఆయన పది అంకెలు లెక్కపెట్టి మళ్లీ నొక్కాడు. ఏమీ లేదు. వదిలిపెట్టే మనిషి కాదు కదా. తెర మీద ఉన్నవన్నీ వరసగా పరీక్ష చేశాడు. ఒకచోట రెండు కత్తులు అడ్డంగా కనిపించాయి. కావలసింది యుద్ధం, ఇవి కత్తులు. నొక్కాడు. ఏవో నాలుగు ఖాళీ గడులు వచ్చాయి, ఒక్కో గడిలో ఒక్కో కూడిక గుర్తు. ముప్పై నాలుగేళ్లు మందుల పెట్టె మీద ఆ గుర్తుతోనే తిరిగినవాడికి అదేమిటో ఇంకొకరు చెప్పాలా? సాయం కావాలంటే నొక్కేది. నాలుగూ నొక్కాడు. నాలుగు గడుల్లో నాలుగు మొహాలు వెలిగాయి. పచ్చటి టిక్కు వచ్చింది. అంటే ఆమోదం. నొక్కాడు.

యుద్ధం మొదలైంది.

తాను చూస్తున్నది శుక్రవారం నాటి రికార్డేనని ఎసెన్‌కుల్‌కి రవ్వంత అనుమానం కూడా రాలేదు. తెర నడుమ గొడ్డలి పట్టుకున్న ఒక గడ్డం మనిషి నిలబడ్డాడు. మౌస్ కదిపితే అటే నడుస్తున్నాడు. సాక్ష్యంలోకి దిగి తిరిగే సౌకర్యం కూడా పెట్టారు, ఈ కాలంవాళ్లు తెలివైనవాళ్లే అనుకున్నాడు. మూడు దారులు, వాటి మధ్య అడవి. దారుల వెంట చిన్న చిన్న సైనికులు పరుగెడుతున్నారు, ఒకవైపువాళ్ల నెత్తిన నీలిరంగు, రెండోవైపువాళ్ల నెత్తిన ఎర్రరంగు.

"అబ్దిల్దాది, షార్షెన్‌ది," అని నోటుబుక్కులో రాసుకున్నాడు.

గడ్డం మనిషిని అడవిలోకి నడిపించాడు. అక్కడ పచ్చిక మధ్య ఓ పెద్ద కొమ్ముల పశువు నిలబడి ఉంది. ఎర్రరంగు లేదు, నీలిరంగు లేదు. ఎసెన్‌కుల్ ముందుకు వంగి చెవులు చూశాడు. సొంతదారు పెట్టే కోత గుర్తు కూడా లేదు. ఇంతలో సొంత జట్టు విలుకాడొకడు పరుగున వచ్చి దాని మీద బాణాలు కురిపించడం మొదలుపెట్టాడు.

"ఏయ్! ఎవరి పశువురా అది?"

కోక్‌దోబోలో గుర్తులేని పశువు కనబడితే ఎవరూ ముట్టుకోరు. పెద్దల కోర్టు అధ్యక్షుడికి కబురు చెయ్యాలి. ఆయన మూడురోజులు ఊళ్లో చాటిస్తాడు. అధ్యక్షుడు ఇక్కడే కూర్చుని ఉండగా పట్టపగలు ఈ ఘోరమా? రికార్డే కావచ్చు, జరిగిపోయిందే కావచ్చు, ఆయన చెయ్యి ఆగలేదు. గడ్డం మనిషిని తీసుకెళ్లి పశువుకీ విలుకాడికీ మధ్య నిలబెట్టాడు. చక్రం తెరిచి త్రికోణం నొక్కాడు. మళ్లీ నొక్కాడు. ప్రమాదం, ప్రమాదం, ప్రమాదం. విలుకాడు కంగారుపడి వెనక్కి తిరిగాడు. ఇరుకు దారిలో గడ్డం మనిషి అడ్డం. అటు తప్పుకున్నాడు, ఇటు తప్పుకున్నాడు. ఆ సందులో పొదల్లోంచి ముగ్గురు ఎర్రవాళ్లు దూకి విలుకాణ్ణి పడేశారు.

పశువు మాత్రం బతికింది. ఎసెన్‌కుల్ తృప్తిగా నిట్టూర్చి శవం వైపు చూశాడు. ఒక్కసారిగా వెలిగింది ఆయనకి. శుక్రవారం చావు ఇదే! పడ్డవాడు ఎర్నిస్. గడ్డం మనిషి మిర్లాన్. ఇక పరీక్ష మొదలుపెట్టవచ్చు.

శవం మీద ప్రశ్నార్థకం పెట్టాడు. టింగుమంది. "ఒకటి," అని రాసుకున్నాడు. "తిట్టులా లేదు." రెండు. మూడు. అయిదు దగ్గర చెవి వంచి విన్నాడు. అదే టింగు. ఏడు దగ్గర తెర అడుగున ఏవో అక్షరాలు గబగబా పరుగెత్తాయి. కళ్లజోడు ఇంట్లో, రంగు డబ్బా పక్కన ఉంది. పదకొండుకి వచ్చేసరికి కూడా గుర్తులో మార్పేమీ కనబడలేదు. కానీ మిర్లాన్ ఆగినచోట న్యాయం ఎందుకు ఆగాలి? పన్నెండు. పదిహేను. అక్షరాలు ఇప్పుడు పెద్దవిగా వస్తున్నాయి. ఇరవై. విలుకాడు లేచి వచ్చి గడ్డం మనిషి ఎదుట నిలబడ్డాడు, కదలకుండా, బాణం వెయ్యకుండా. ఎసెన్‌కుల్ పట్టు వదల్లేదు. నిలబడ్డవాడి నెత్తి మీద ఇరవై ఒకటి, ఇరవై రెండు.

ఇరవై మూడోది టింగుమనేసరికి విలుకాడు ఉన్నచోటే మాయమైపోయాడు.

"ఇరవై మూడు," అని రాసుకుని, దాని పక్కన పెద్ద ప్రశ్నార్థకం పెట్టాడు.

మూడు నిమిషాల తర్వాత వీధిలో అడుగుల చప్పుడు. గుమ్మంలో ఎర్నిస్. మొహం జేగురించి ఉంది, ఒక కాలికే చెప్పుంది.

"ఒరేయ్ మిర్లాన్! నీలాంటి నీచుణ్ణి..." అని రంకె వేస్తూ మూలకి దూసుకొచ్చి, కుర్చీలో తెల్ల కల్పాక్ చూసి గొంతులో బ్రేకు పడ్డట్టు ఆగిపోయాడు. "ఆతా? మీరా? మిర్లాన్ ఏడీ?"

"మిర్లాన్ దొడ్లో ఉన్నాడు. నువ్వు పదకొండింటికి కదా రావాల్సింది? నేనింకా సాక్ష్యం చూస్తున్నాను."

ఎర్నిస్ తెర వైపు చూశాడు. గడ్డం మనిషి వైపు చూశాడు. నోటుబుక్కులో గీతల వైపు చూశాడు. "ఇది రికార్డు కాదు, ఆతా," అన్నాడు నీరసంగా. "ఇది ఇప్పుడు. వాడి ఖాతా నుంచి ఆటకి రమ్మని పిలుపొచ్చింది. రాజీకి పిలిచాడనుకున్నా. టీ తాగేవాణ్ణి గిన్నె వదిలేసి ఇంట్లో కంప్యూటర్ ముందు కూర్చున్నా. మొదట నాకు అడ్డం నిలబడి చంపించాడు. తర్వాత..."

"ఇరవై మూడు," అన్నాడు ఎసెన్‌కుల్. చేతిలో పెన్ను కిందికి వాలింది. "నాయనా, మీ నాన్నకి చెప్పలేదు కదా?"

"చూపించాను. పక్కనే ఉన్నాడు."

"ఇప్పుడెక్కడ?"

వీధి చివర కుక్క మొరిగింది. ఆ వెనక అబ్దిల్దా గొంతు, "తలుపు ముట్టుకున్నావంటే చెయ్యి విరుస్తా!" ఆ వెనక షార్షెన్ గొంతు, "నా ఎర్రవి నాకిచ్చెయ్! ఒక్క క్షణం కూడా నీ దొడ్లో ఉంచను!" ఆ వెనక చెక్క విరిగిన చప్పుడు. ఆ వెనక నేల అదరడం మొదలైంది.

నాలుగు వందల గొర్రెలు వీధిలోకి వచ్చాయి. తరిమేది ఒక్క కుక్కే కానీ ఆ సంగతి గొర్రెలకి తెలియదు. వీధి పొడవునా అన్ని తలుపులూ మూసి ఉన్నాయి, ఒక్కటి తప్ప. ఆ ఒక్కదానికీ ఇటుక అడ్డం పెట్టి ఉంది.

ముందు ఒక పొట్టేలు లోపలికొచ్చి, తన మొహం ఖాళీ తెరలో చూసుకుని బెదిరి, పక్కకి దూకింది. దాని వెనక యాభై వచ్చాయి. ఎర్రవి, నీలివి, బల్లల కింద, కుర్చీల మీద. ఎసెన్‌కుల్ కదల్లేదు. ఎడమచేత్తో రెండు గొర్రెల్ని ఆపుతూ, ఆట ఎలా ఆపాలో వెతుకుతూ, కుడిచేత్తో ఒక్కో గుర్తూ నొక్కుతూనే ఉన్నాడు. తీగ ఏదో ఒక గొర్రె కాలికి చుట్టుకుంది. టప్పుమని అన్ని తెరలూ నల్లబడ్డాయి. అదే ఊపులో మరో గొర్రె భుజం తగిలి ఆయన కల్పాక్ ఎగిరింది.

కల్పాక్ నేల మీద పడకూడదు. పెద్దమనిషిది అసలే పడకూడదు. దాని మీద గొర్రె కాలు పడితే ఇక చెప్పేదే లేదు. ఎర్నిస్ బల్ల మీంచి దూకాడు. సరిగ్గా అప్పుడే మందని తరుముకుంటూ గుమ్మంలోకి వచ్చిన మిర్లాన్ కూడా దూకాడు. ఇద్దరూ గాల్లోనే అంచు పట్టుకుని, ఒకడి మీద ఒకడు గొర్రెల మధ్య పడ్డారు. కల్పాక్ మాత్రం నాలుగు చేతుల్లో పైకెత్తి ఉంది.

"వదులు," అన్నాడు మిర్లాన్.

"నువ్వు వదులు. ఇరవై మూడుట, ఇరవై మూడు!"

"ఏం ఇరవై మూడు? నేను పొద్దున్నించీ గొర్రెల గిట్టలు కోస్తున్నాను!"

ఎర్నిస్ గడ్డంతో మూల వైపు చూపించాడు. మిర్లాన్ చూశాడు. బట్టతలతో కూర్చున్న అధ్యక్షుణ్ణి, ఆయన ముందు నల్లబడ్డ తెరని, పొద్దున తను ఖాతా తెరిచి ఇచ్చిన యంత్రాన్ని.

సరిగ్గా పదకొండయింది. రిజిస్టరు చంకన పెట్టుకుని తుర్సున్‌కాన్, ఆమె చెయ్యి పట్టుకుని జోల్చు గుమ్మంలో నిలబడ్డారు. వెనకే ఒకరి కాలరు ఒకరు పట్టుకుని షార్షెన్, అబ్దిల్దా. వాళ్ల వెనక, వ్యాను ఆలస్యమై ఇప్పటికి దొరికిన కొత్త కీబోర్డుని బిడ్డలా గుండెకి హత్తుకుని కన్‌షాయిమ్.

"త్రికోణం ఒక్కటే నొక్కమన్నాను," అంది ఆమె ఎవరితోనో అన్నట్టు.

తీగ మళ్లీ తగిలించగానే యంత్రం లేచింది. తెర మీద మొదట వచ్చింది ఎర్రటి తాళం బొమ్మ. ఈసారి దాని అర్థం ఎవరూ అడగక్కర్లేకపోయింది. యుద్ధం మధ్యలో పారిపోయినందుకు, తోటివాళ్లని వేధించినందుకు మిర్లాన్ ఖాతాకి ఏడు రోజులు తాళం. యంత్రంలో కూడా ఒక కోర్టు ఉంది. అది వాయిదాలు వెయ్యదు.

"ఏడు రోజులు!" అని నెత్తి పట్టుకున్నాడు మిర్లాన్.

"రేపట్నించి కొండ మీద ఉంటావ్. అక్కడ నెట్టెక్కడుందిరా?" అన్నాడు అబ్దిల్దా.

"అయినా సరే, నాన్నా! నేను పారిపోయానని రాశారు! నా పేరు మీద!"

"అదే, ఆ బాధే నాది కూడా," అన్నాడు ఎర్నిస్, అనుకోకుండా.

ఇద్దరూ ఒకరినొకరు చూసుకున్నారు. షార్షెన్ చెయ్యి అబ్దిల్దా కాలరు మీంచి మెల్లగా జారింది. నలుగురూ కలిసి ఒకేసారి ఎసెన్‌కుల్ వైపు తిరిగారు. తొమ్మిదేళ్లలో ఆయన ఎందరినో ఆ చూపుతో చూశాడు. అవతలివైపు నుంచి అదెలా ఉంటుందో ఇప్పుడు తెలిసింది.

"అక్కా, రిజిస్టరు ఇలా ఇవ్వండి," అన్నాడు షార్షెన్ తుర్సున్‌కాన్‌తో. "మేము ఫిర్యాదు రాయాలి."

"ఏ ఇంటి తరఫున?"

"రెండిళ్ల తరఫున. ఒకే కాగితం."

ఎర్నిస్ రాశాడు, మిర్లాన్ చెప్పాడు, తండ్రులిద్దరూ ఒకే పెన్నుతో సంతకాలు చేశారు. తుర్సున్‌కాన్ కళ్లజోడు సర్దుకుని చదివింది. "ఎసెన్‌కుల్ అన్నా, మీరు ఆ కుర్చీలోంచి లేవండి. ముద్దాయి నిలబడాలి."

ఎసెన్‌కుల్ లేచి నిలబడ్డాడు. ఎర్నిస్ తెచ్చి ఇచ్చిన కల్పాక్ నెత్తిన సరిగ్గా పెట్టుకున్నాడు. ఒక గొర్రె ఆయన మోకాలికి ఆనుకుంది.

"చచ్చినవాడి మీద ఇరవై మూడుసార్లు ఆ గుర్తు పెట్టారా?"

"పెట్టాను."

"ఎందుకు?"

"ప్రశ్నే కదా అడిగాను," అని నోరు జారాడు.

మిర్లాన్ ఎగిరి గంతేశాడు. "నేనూ అదే అన్నాను! నిన్న అక్షరం పొల్లుపోకుండా అదే అన్నాను!"

గొర్రెలు కూడా నములుతున్నవి ఆపాయి. ముడి ఇప్పుడు అందరికీ కనబడింది. ఎసెన్‌కుల్ నిర్దోషి అయితే మిర్లాన్ కూడా నిర్దోషే, షార్షెన్ జిల్లాకి పోతాడు. మిర్లాన్ దోషి అయితే ఎసెన్‌కుల్ అంతకి రెట్టింపు దోషి. జోల్చు కళ్లు తెరిచి, "ప్రశ్న ప్రశ్నే," అని మొదలుపెట్టాడు. తుర్సున్‌కాన్ ఆయన మోచేతి మీద చెయ్యి వేసింది.

"కోర్టువారు అనుమతిస్తే ముద్దాయి సాక్ష్యం చూస్తాడు," అన్నాడు ఎసెన్‌కుల్. "రెండూ. శుక్రవారానిది, ఇవాళ్టిది."

కన్‌షాయిమ్ ఈసారి త్రికోణం తనే నొక్కింది. శుక్రవారం నాడు ఎర్నిస్ పడ్డాడు, అతని మీద పదకొండు ప్రశ్నార్థకాలు పడ్డాయి. తర్వాత ఇవాళ్టిది. ఎర్నిస్ పడ్డాడు. గడ్డం మనిషి నెమ్మదిగా, శ్రద్ధగా, ఒకదాని మీద ఒకటి రాళ్లు విసిరినట్టు గుర్తులు విసురుతున్నాడు. విలుకాడు లేచి వచ్చి ఎదుట నిలబడ్డాడు. అడుగున పరుగెత్తిన అక్షరాల్ని కన్‌షాయిమ్ పైకి చదివింది.

"'ఎందుకురా ఇలా?' ... 'నేను మాట్లాడదామని వచ్చాను' ... 'మిర్లాన్, ఒక్క మాట చెప్పు'."

ప్రతి మాటకీ జవాబుగా ఒక టింగు. చివరిది ఇరవై మూడు.

మిర్లాన్ నేల చూపులు చూస్తున్నాడు. శుక్రవారం రికార్డులో కూడా అలాంటి మాటలే ఉన్నాయని అతనికి గుర్తొచ్చింది కాబోలు, చెవులు ఎర్రబడ్డాయి.

ఎసెన్‌కుల్ నోటుబుక్కు తెరిచి, రెండు గీతలు గీసిన వాక్యం దగ్గర వేలు పెట్టాడు.

"ప్రశ్న ఎన్నోసారికి తిట్టవుతుందో తెలుసుకుందామని కూర్చున్నాను. తేలింది. రెండోసారికే. మొదటిది అడగడం. అవతలివాడి జవాబు వినకుండా వేసిన రెండోది అడగడం కాదు. నన్నడిగితే మిర్లాన్‌వి ఒక ప్రశ్న, పది తిట్లు. నావి ఒక ప్రశ్న, ఇరవై రెండు తిట్లు. వయసుకి తగ్గట్టు శిక్ష వెయ్యండి."

తుర్సున్‌కాన్ లెక్క సరిచూసుకుని తలూపింది. మిర్లాన్ వెళ్లి ఎర్నిస్‌కి రెండు చేతులూ చాచాడు. "ఒరేయ్, ఆ రోజు ఓడిపోతున్నామని ఒళ్లు మండింది. తప్పు నాదే."

"కీబోర్డు తప్పు నాది," అన్నాడు ఎర్నిస్. ఎసెన్‌కుల్ కల్పాక్ తీసి, అరవై ఎనిమిదేళ్ల నడుం వంచి, ఇద్దరికీ క్షమాపణ చెప్పాడు. ఇద్దరూ హడలిపోయి ఆయన్ని భుజాలు పట్టి లేపారు.

బయట షార్షెన్ ఎర్రగొర్రెల్ని ఒకవైపు, నీలివాటిని ఒకవైపు తోలడం మొదలుపెట్టాడు. పది తోలాక ఆగిపోయాడు. "ఒరేయ్ అబ్దిల్దా, రేపెలాగూ కలిసేగా పోయేది? ఇప్పుడీ విడదీయడం దేనికి?"

"నేనూ అదే చూస్తున్నాను, ఎప్పుడు తడుతుందా అని," అన్నాడు అబ్దిల్దా. తర్వాత గొంతు సవరించుకుని లోపలికి కేకేశాడు. "ఆతా! మందలో ఏడు గొర్రెలు ఎక్కువున్నాయి. గుర్తు లేదు, రంగు లేదు. అధ్యక్షుడికి కబురు చెయ్యాలి కదా, చేస్తున్నాను. ఎవరివి?"

"నావి," అన్నాడు ఎసెన్‌కుల్.

"రుజువు?"

ఎసెన్‌కుల్ నోరు తెరిచాడు. మొహం చూస్తే చాలదూ అందామనుకున్నాడు. ఏడు గొర్రెలూ ఆయన్ని ఎన్నడూ చూడనట్టే చూశాయి.

తుర్సున్‌కాన్ రిజిస్టరులో ఆఖరి వాక్యం రాసింది. ముద్దాయి ఏడు గొర్రెలకీ గుర్తు వేసే హక్కు ఫిర్యాదీలకి ఇవ్వడమైనది. గుర్తు ఏదైనా ముద్దాయి అభ్యంతరం చెప్పరాదు.

మర్నాడు తెల్లవారుతుండగా మంద కొండదారి పట్టింది. షార్షెన్, అబ్దిల్దా ముందు గుర్రాల మీద, కొడుకులిద్దరూ వెనక. కలిపా గుమ్మంలో రంగు డబ్బా పక్కన నిలబడి ఆవలిస్తోంది. ఎసెన్‌కుల్ కల్పాక్ సర్దుకుని కంచె దగ్గరికి వచ్చాడు. నూట పదమూడో తగాదా కూడా జిల్లాకి పోలేదు. ఎర్రవి వెళ్లాయి, నీలివి వెళ్లాయి. చివర్న ఆయన ఏడూ వచ్చాయి. ఒక్కోదాని నడుం మీదా మూరెడు ప్రశ్నార్థకం, వంపు ఎర్రరంగుది, కింద చుక్క నీలిరంగుది. అంత దూరం నుంచి ఎర్నిస్, మిర్లాన్ వెనక్కి తిరిగి ఎంతో వినయంగా చేతులు ఊపారు.

అది ప్రశ్నో తిట్టో ఎసెన్‌కుల్ ఎవరినీ అడగలేదు.